వైన్స్ షాపులో వైన్ ఎందుకు ఉండదు?

గత నెల ఈ పేజీలో కీసర దగ్గర మా నాన్న పెంచిన అనాబ్-ఇ-షాహీ ద్రాక్ష తోట గురించి రాస్తూ, చివర్లో ఒక మాట జారాను. నాసిక్‌లో పద్దెనిమిదేళ్లు ఒక వైన్ కంపెనీకి ద్రాక్ష కొనిపెట్టే ఉద్యోగం చేశానని చెప్పాను. అంతే, ఈసారి ఉత్తరాల్లో ద్రాక్ష వెనక్కి పోయి వైన్ ముందుకొచ్చింది. తాగడంలో నేను నిపుణుణ్ని కాను. ఏ సీసాలో ఏ పూల వాసన వస్తుందో నన్నడిగితే మా ఆవిడ నవ్వుతుంది. పండు ఎవరి తోటలోంచి ఎంతకు వచ్చింది, డబ్బు ఎవరికి ఎప్పుడు ముట్టింది, ఎవరికి ముట్టలేదు అన్నవి మాత్రం చెప్పగలను.

ప్రశ్న: సార్, మా ఊళ్లో వీధికొక ‘వైన్స్’ ఉంది. మొన్న అమెరికా నుంచి వచ్చిన మా బావ అక్కడికెళ్లి నిజంగానే వైన్ అడిగితే కౌంటర్ కుర్రాడు నవ్వాడు. వైన్స్‌లో వైన్ ఎందుకుండదు?
— ఒక ఉపాధ్యాయుడు, కరీంనగర్

మాస్టారూ, ఆ కుర్రాడి నవ్వులో చాలా లెక్క ఉంది. మన దగ్గర వైన్స్ అంటే బ్రాందీ, విస్కీ, బీరు. దేశం మొత్తం మీద తాగే మద్యంలో అసలు వైన్ వాటా ఒక్క శాతం కూడా ఉండదు. బోర్డు మీద పేరు మాత్రం దానిదే.

షాపు దక్కినవాడి వైపు నుంచి చూడండి. దరఖాస్తు ఫీజు కట్టి, లాటరీలో పేరు వచ్చి, ఆ తర్వాత లైసెన్సు ఫీజు కడతాడు. అమ్మకం ఉన్నా లేకపోయినా ఆ ఫీజు ఆగదు. అతనికి కావాల్సింది పొద్దున దించితే రాత్రికి ఖాళీ అయ్యే సరుకు. క్వార్టర్ సీసా అలా పోతుంది. ముప్పావు లీటరు వైన్ సీసా మూడు నెలలైనా అరలోనే కూచుంటుంది. పైగా విస్కీ ఎండకు పాడవదు, వైన్ పాడవుతుంది. మీ ఊరి మే నెల ఎండలో ఏసీ లేని గదిలో నిలబెట్టిన వైన్ నిజంగా ఉడికిపోతుంది. 2011 వేసవిలో మా తమ్ముడి పెళ్లికి వస్తూ హైవే పక్క షాపులో దుమ్ము కొట్టుకుపోయిన సీసా ఒకటి చూశాను. మా కంపెనీదే! ముచ్చటపడి కొన్నాను. తెరిస్తే మాడిన చింతపండు పులుసు వాసన. ఆ సీసాలోని వైన్ కోసం తొట్టిలోకి ద్రాక్ష దించిన రోజు నేను అక్కడే ఉన్నాను, అప్పుడు అది బాగానే ఉంది.

రెండో కారణం కాగితాలు. రాజ్యాంగం మద్యాన్ని రాష్ట్రాల చేతిలో పెట్టింది. జీఎస్టీ వచ్చాక కూడా అది బయటే ఉండిపోయింది. అందుకని ప్రతి రాష్ట్రం ఈ సరుకుకు ఒక వేరే దేశం. లేబుల్ వేరేగా రిజిస్టర్ చేయాలి, ఫీజు వేరేగా కట్టాలి, ధర వేరేగా ఖరారు కావాలి. తెలంగాణలో, ఆంధ్రలో హోల్‌సేల్‌గా కొనేది ఒక్క ప్రభుత్వ బేవరేజెస్ కార్పొరేషనే. నాసిక్ నుంచి ముంబైకి వైన్ పంపడం లారీ పని, హైదరాబాద్‌కు పంపడం ఫైలు పని. ఏడాదికి నాలుగు వందల పెట్టెలు కూడా అమ్ముడవని రాష్ట్రంలో ఆ ఫైలు వెంట తిరిగే ఓపిక చిన్న కంపెనీకి ఉండదు. అక్కడితో ఆ రాష్ట్రం దాని పటంలోంచి పోతుంది.

హైదరాబాద్‌లో ఒకప్పుడు ‘గోల్కొండ రూబీ’ అని తియ్యటి ఎర్ర వైన్ ఉండేది. మీ నాన్నగారి తరం వాళ్లనడగండి, ఎవరో ఒకరు తల ఊపుతారు.

ప్రశ్న: అన్నా, మాకు నాలుగెకరాలుంది, బోరులో నీళ్లున్నాయి. దొడ్డబళ్లాపురం వైపు వైన్ ద్రాక్ష వేసినవాళ్లు బాగుపడ్డారంటున్నారు. యూట్యూబ్‌లో అయితే ఎకరాకు లక్షలు అంటున్నారు. నాన్న ఒప్పుకోవట్లేదు, ఒకటే టెన్షన్. వెయ్యమంటారా?
— బీటెక్ చదివి సేద్యంలోకి వచ్చిన యువకుడు, హిందూపురం

తమ్ముడూ, ముందు జవాబు చెప్పేస్తాను: ఇప్పుడే వెయ్యకు. ఈ విషయంలో నేను మీ నాన్న పక్షం. ఎందుకో కాస్త పొడుగ్గా చెప్తాను, ఓపిక పట్టు.

తినే ద్రాక్ష, అంటే థామ్సన్ రకం, మంచి రైతు ఎకరాకు పది పన్నెండు టన్నులు తీస్తాడు. వైన్ ద్రాక్షలో నాణ్యత చూసే కంపెనీ నాలుగైదు టన్నులు దాటనివ్వదు. తీగకు కాయ ఎక్కువైతే రసం పలచబడుతుంది కాబట్టి పచ్చి గుత్తులు కోసి కింద పడేయమంటుంది. నాసిక్ జిల్లా దిండోరీ దగ్గర ఒక పెద్దాయనకు నేను మొదటిసారి ఆ మాట చెప్పినప్పుడు ఆయన కత్తెర నా చేతిలో పెట్టి, “కాసిన కాయను నేను కొయ్యను, నువ్వే కొయ్యి” అన్నాడు. కోశాను. ఆయన ఆ వరసలోంచి లేచి వెళ్లిపోయాడు.

దిగుబడి సగం అయినా ధర ఎక్కువ వస్తే సరిపోతుంది కదా అంటావు. సరిపోతుంది, కొనేవాడు ఉన్నంతవరకు. థామ్సన్ పండిస్తే నీకు నాలుగు దారులున్నాయి. ఎగుమతికి పోతుంది. అది తప్పితే ఊరి మార్కెట్‌కు పోతుంది. అదీ తప్పితే ఎండబెట్టి కిస్‌మిస్ చేస్తారు, సాంగ్లీ వైపు తాస్‌గావ్‌లో ఆ వ్యాపారం మీదే ఊళ్లు బతుకుతున్నాయి. ఏదీ కాకపోతే జ్యూసు. షిరాజ్, కాబర్నే లాంటి వైన్ రకాలకు ఈ దారులేవీ లేవు. గింజంత కాయ, లోపల విత్తనాలు, మందపు తోలు, నోట్లో వేసుకుంటే వగరు. రోడ్డు పక్కన పోసినా ఎవడూ కొనడు. నీ తోటలో పంట ఉంటుంది, దాని తాళంచెవి మాత్రం ఇంకొకడి జేబులో ఉంటుంది.

ఇది నేను పుస్తకం చదివి చెప్తున్నది కాదు. 2001లో మహారాష్ట్ర ప్రభుత్వం ద్రాక్ష ప్రాసెసింగ్ విధానం తెచ్చింది. ఆ రాష్ట్ర ద్రాక్షతో చేసిన వైన్‌కు ఎక్సైజ్ సుంకం మినహాయించింది, లైసెన్సులు తేలిక చేసింది. లాసల్‌గావ్ ఉల్లి మార్కెట్‌కు దగ్గర్లో వించూర్‌లో ఒకటి, సాంగ్లీ జిల్లా పలూస్‌లో ఒకటి వైన్ పార్కులు పెట్టింది. అంతకుముందు మన దేశంలో చెప్పుకోదగ్గ వైన్ కంపెనీలు వేళ్ల మీద లెక్క. పుణె దగ్గర నారాయణగావ్‌లో శ్యామ్‌రావ్ చౌగులే పెట్టిన ఇండేజ్, మీకు దగ్గర్లోనే నంది కొండల కింద కన్వల్ గ్రోవర్ తోటలు, నాసిక్‌లో రాజీవ్ సామంత్ మొదలుపెట్టిన సులా. సామంత్ అమెరికాలో చదివి, అక్కడ ఉద్యోగం మానేసి వచ్చి, గంగాపూర్ డ్యామ్ దగ్గరి సొంత భూమిలో 1997లో సోవిన్యాన్ బ్లాంక్, షెనిన్ బ్లాంక్ అనే తెల్ల వైన్ రకాలు నాటాడు. 2000లో మొదటి సీసా బయటికొచ్చింది. సుంకం పోయేసరికి ఏడెనిమిదేళ్లలో ఒక్క మహారాష్ట్రలోనే వైనరీలు యాభై దాటాయి. నేను చేరింది ఆ ఊపులోనే, 2003లో. మోటార్ సైకిల్ మీద నిఫాడ్, దిండోరీ, పింపళ్‌గావ్ తిరిగి రైతుల చేత ఒప్పందాల మీద సంతకాలు పెట్టించడం నా పని. తీపి కొలిచే చిన్న దుర్బిణి ఒకటి ఎప్పుడూ జేబులో ఉండేది, దాన్ని రిఫ్రాక్టోమీటర్ అంటారు. ఎర్ర రకాలకు ఇరవై రెండు, ఇరవై నాలుగు డిగ్రీలు వచ్చాకే కోత.

అప్పుడు అందరూ తొట్లు కట్టారు, తాగేవాళ్లు ఎక్కడున్నారో ఎవరూ లెక్కెయ్యలేదు. 2008లో ప్రపంచ మాంద్యం వచ్చింది. నవంబరు 26న ముంబై మీద దాడులు జరిగాయి. మన వైన్‌కు అప్పట్లో పెద్ద బజారు స్టార్ హోటళ్లూ టూరిస్టులూనే. దాడి జరిగిందే తాజ్, ఒబెరాయ్ హోటళ్ల మీద. ఆ చలికాలం టూరిస్టులు రాలేదు. తొట్లలో పాత వైన్ కదల్లేదు. తీగకు ఈ సంగతులేం తెలుసు? 2009 ఫిబ్రవరి వచ్చేసరికి కొత్త పంట పండి గేటు ముందు ట్రాక్టర్లలో నిలబడింది.

మా కంపెనీ ఒప్పందంలో రాసిన ధరలో సగమే ఇస్తానంది, అదీ నిదానంగా. ఆ మాట రైతులకు చెప్పి రమ్మని నన్నే పంపారు. నిఫాడ్ దగ్గర ఒకాయన, రెండెకరాల షిరాజ్, నన్ను అప్పటిదాకా పేరు పెట్టి పిలిచిన మనిషి. ఆ రోజు ఒప్పందం కాగితం తెచ్చి నా సంతకం మీద వేలు పెట్టి, “ఇది తమరిదే కదా సాహెబ్” అన్నాడు. ఆ తర్వాత మళ్లీ పేరు పెట్టి పిలవలేదు. డబ్బు ముట్టడానికి పద్నాలుగు నెలలు పట్టింది. ఈలోగా ఆయన షిరాజ్ తీగలన్నీ మోకాలి ఎత్తున నరికి, ఆ మొదళ్ల మీద థామ్సన్ అంటు కట్టించాడు. అంటు కట్టే కూలీలకు డబ్బులిచ్చింది వడ్డీ వ్యాపారి దగ్గర తెచ్చి. అలా నరికినవాళ్లు, వేళ్లతో సహా పెకలించినవాళ్లు ఆ చుట్టుపక్కల ఒకరిద్దరు కాదు.

ఆ దెబ్బ తర్వాత నిలబడ్డ కంపెనీలు కాస్త బుద్ధిగా ఉన్నాయి. కొన్ని పదేళ్లకు పైబడిన ఒప్పందాలు రాసి, మాట నిలబెట్టుకుంటున్నాయి. అలాంటి కంపెనీతో ఉన్న రైతుకు థామ్సన్ రైతుకు లేని నిశ్చింత ఉంది. మార్కెట్ పడిపోయినా ధర పడదు, ఎగుమతి వాళ్లు తోటకు కొట్టిన మందుల అవశేషాలున్నాయని చెప్పి వెనక్కి పంపే భయం ఉండదు. 2010లో యూరప్ ఒక గ్రోత్ రెగ్యులేటర్ (తీగ పెరుగుదలను అదుపు చేసే మందు) అవశేషాలున్నాయని మన ద్రాక్షను తిప్పి పంపినప్పుడు, వైన్ ఒప్పందం సరిగా ఉన్న కొద్దిమంది రైతులే ఆ ఊళ్లలో ప్రశాంతంగా నిద్రపోయారు.

కాబట్టి మొక్క కొనే ముందు మనిషిని వెతుక్కో. దొడ్డబళ్లాపురం వైనరీ గేటు దగ్గర కాకుండా, దానికి ఐదేళ్లుగా పండు వేస్తున్న రైతు ఇంటికి వెళ్లి కూర్చో. కిందటేడు డబ్బు ఏ నెలలో పడిందో అడుగు, పాస్‌బుక్ చూపించమను. ఏ రకం వెయ్యాలో కంపెనీ రాసివ్వాలి. తీపి డిగ్రీ తగ్గితే ధర ఎంత తగ్గుతుందో రాయాలి. కోత రోజు ఎవరు నిర్ణయిస్తారో రాయాలి, ఎందుకంటే కంపెనీ లారీ వారం ఆలస్యమైతే కాయ బరువు తగ్గేది నీకే. కర్ణాటకకు 2007 నుంచి వైన్ విధానం, వైన్ బోర్డు ఉన్నాయి. కానీ నీ భూమి ఆంధ్రలో ఉంది. వాళ్ల రాయితీలు రాష్ట్రం దాటి వచ్చిన పండుకు వర్తిస్తాయో లేదో నోటి మాటగా కాకుండా కాగితం మీద తెచ్చుకో. ఇవన్నీ కుదిరితే ఒక ఎకరం వెయ్యి, నాలుగూ వద్దు. మొదటి కాపు మూడో ఏడు. అప్పటిదాకా మిగతా మూడెకరాలు ఇంటిని నడపాలి కదా.

ప్రశ్న: మార్కెట్‌లో ద్రాక్ష చవగ్గానే దొరుకుతోంది. వైన్ సీసా మాత్రం ఏడెనిమిది వందలు. మధ్యలో ఎవరు తింటున్నారండీ? అయినా ఈ కంపెనీలు నష్టాల్లో ఉన్నామంటాయి! సులా షేర్లు కొనొచ్చంటారా?
— బ్యాంకులో పనిచేసి రిటైరైన వ్యక్తి, విజయవాడ

సార్, మీరు బ్యాంకు మనిషి కాబట్టి మీకు చెప్పడం తేలిక. లెక్క కోసం కిలో వైన్ ద్రాక్ష నలభై రూపాయలు అనుకుందాం. టన్ను పండితే సుమారు 650 లీటర్ల వైన్ వస్తుంది, అంటే 860 సీసాల పైచిలుకు. సీసాకు పడే ద్రాక్ష ఖర్చు యాభై రూపాయల లోపే. గాజు సీసా, మూత, లేబుల్, అట్టపెట్టె కలిపితే దాదాపు ద్రాక్షతో సమానంగా వస్తాయి. రైతు పండించింది, పారేసే గాజూ ఒకే ధర! ఆ పైన రాష్ట్రాల సుంకం, వ్యాట్, హోల్‌సేలు, షాపు కమీషన్.

అసలు కథ వడ్డీది. బీరు కంపెనీ ఏడాది పొడుగునా మాల్టు కొంటుంది, కొన్ని వారాల్లో బీరు చేసి అమ్మేస్తుంది. వైన్ కంపెనీ ఏడాదికి సరిపడా ముడిసరుకంతా జనవరి, ఫిబ్రవరి, మార్చిల్లో ఒక్కసారే కొనాలి. తెల్ల వైన్ కొన్ని నెలలకు సీసాలోకి వస్తుంది. మంచి ఎర్ర వైన్‌ను ఫ్రాన్స్ నుంచి తెప్పించిన ఓక్ పీపాల్లో ఏడాది పడుకోబెట్టాలి. అన్నాళ్లూ తొట్లను చల్లగా ఉంచే కరెంటు బిల్లు ఆగదు, మీ బ్యాంకు వడ్డీ అంతకన్నా ఆగదు. చివరికి సరుకు పంపాక కూడా ప్రభుత్వ కార్పొరేషన్ డబ్బు ఎప్పుడిస్తుందా అని చూడాలి. 2025 జనవరిలో ఒక పెద్ద బీరు కంపెనీయే బకాయిలు రాలేదని, ధర పెంచలేదని తెలంగాణకు సరఫరా కొన్నాళ్లు ఆపేసిన సంగతి మీరు పేపర్లో చూసే ఉంటారు. ఏనుగుకే అలా ఉంటే మేక సంగతి చెప్పాలా?

ఇండేజ్ అలాగే మునిగింది. నేను పనిచేసింది అందులో కాదు, కాని మా అందరికీ అది పెద్దన్న. 1980లలో ఫ్రెంచి వాళ్ల సాంకేతిక సాయంతో బుడగలొచ్చే వైన్ చేసి ‘ఒమర్ ఖయ్యామ్’ పేరుతో విదేశాలకు అమ్మిన కంపెనీ అది. మంచి రోజుల్లో అప్పులు తెచ్చి బ్రిటన్‌లో, ఆస్ట్రేలియాలో కంపెనీలు కొంది. 2008 తర్వాత సరుకు కదలక, అప్పు తీరక, కోర్టు మూసివేత ఉత్తర్వు దాకా వెళ్లింది. అప్పు కాలం, వైన్ కాలం ఒకటి కావు, అదే దాన్ని ముంచింది.

దీనికి విరుగుడు కనిపెట్టింది సులా అనే చెప్పాలి. మద్యానికి టీవీలో ప్రకటన ఇవ్వకూడదు. అందుకని వాళ్లు జనాన్నే తోటకు రప్పించారు. 2005లో వైనరీలోనే రుచి చూసే గది తెరిచారు, తర్వాత రిసార్టు కట్టారు, 2008 నుంచి పాటల పండగ పెట్టారు. ముంబై వాళ్లు కార్లేసుకుని శనివారం వచ్చి, గుడారంలో పిజ్జా తిని, డిక్కీలో రెండు పెట్టెలు వేసుకుని పోతారు. ఆ అమ్మకంలో కార్పొరేషన్ లేదు, డిస్ట్రిబ్యూటర్ లేడు, డబ్బు అదే రోజు గల్లాపెట్టెలో పడుతుంది. మొదట్లో మా ఆఫీసులో ఇదంతా ఫ్యాషన్ అని నవ్వుకున్నాం, నేను కూడా. మా నవ్వు తప్పు. ఇవాళ దేశంలో తయారై అమ్ముడయ్యే వైన్‌లో సగానికి పైగా వాళ్లదే.

షేర్ల గురించి కూడా ఒక వాక్యం కలిపారు కాబట్టి చెప్తున్నా. 2022 డిసెంబరులో సులా పబ్లిక్ ఇష్యూ ధర 357 రూపాయలు. ఆ ఇష్యూ మొత్తం పాత వాటాదారులు తమ వాటాలు అమ్ముకున్నదే, అందులోంచి కంపెనీ తోటకు పైసా రాలేదు. కొనాలా అమ్మాలా అని మాత్రం నన్నడక్కండి. నా ఎల్ఐసీ పాలసీలే నాకు అర్థం కావు.

ప్రశ్న: అంకుల్, మేం ఇక్కడ పది డాలర్లకు కొనే ఆస్ట్రేలియా వైన్ హైదరాబాద్‌లో చూస్తే గుండె ఆగింది. రెండు దేశాల మధ్య ఒప్పందం అయ్యింది కదా, ఇంకా ఎందుకు తగ్గలేదు? తగ్గితే మన నాసిక్ వాళ్లు ఏమవుతారు?
— మెల్‌బోర్న్ నుంచి ఒక తెలుగమ్మాయి

అమ్మా, ఒప్పందం 2022 డిసెంబరు 29 నుంచి అమల్లో ఉంది. అంతకుముందు విదేశీ వైన్ మీద దిగుమతి సుంకం 150 శాతం. ఇప్పుడు మన రేవుకు చేరేసరికి సీసా ధర ఐదు అమెరికన్ డాలర్లు దాటితే మొదటి రోజు నుంచే 100 శాతం, పదేళ్లలో మెల్లగా 50కి దిగుతుంది. పదిహేను డాలర్లు దాటిన సీసాకు 75తో మొదలై 25కి వస్తుంది. ఐదు డాలర్ల లోపు సీసాకు మాత్రం ఏ తగ్గింపూ లేదు. మెలిక అక్కడే ఉంది. నాసిక్ సీసాతో నేరుగా తలపడేది ఆ చవక సీసాయే, దాన్ని గుమ్మం బయటే నిలబెట్టారు. నువ్వు పది డాలర్లకు కొనేదాంట్లో అక్కడి పన్నులు, షాపు లాభం తీసేస్తే అది రేవులో ఐదు లోపే తేలుతుంది. మన దగ్గర దిగాక కేంద్రం సుంకం మీద రాష్ట్రం సుంకం, దాని మీద వ్యాట్, ఆ పైన హోటల్ అయితే హోటల్ లాభం. కేంద్రం ఒక మెట్టు దిగినా మిగతా మెట్లు అలాగే ఉన్నాయి.

నాసిక్ వాళ్లకు భయం లేదని అనను. పెద్ద హోటళ్లలో మన ఖరీదైన ఎర్ర వైన్లకు పోటీ వస్తుంది, వచ్చింది కూడా. కానీ మీ ఆస్ట్రేలియా వాళ్ల బాధ అంతకన్నా పెద్దది. 2021లో చైనా ప్రభుత్వం ఆస్ట్రేలియా వైన్ మీద 218 శాతం దాకా సుంకం వేసింది. అప్పటిదాకా వాళ్ల పెద్ద గిరాకీ చైనాయే. 2023 నాటికి వాళ్ల తొట్లలో అమ్ముడవని వైన్ రెండు వందల కోట్ల లీటర్లు దాటింది. 2024 మార్చిలో చైనా సుంకం ఎత్తేసినా, మునుపటి తాగుడు అక్కడ తిరిగి రాలేదు. రివర్‌ల్యాండ్‌లో ఎర్ర ద్రాక్ష రైతులు పండించిన ఖర్చు కూడా రాక తీగలు పీకేస్తున్నారని చదివితే నాకు నిఫాడ్ గుర్తొచ్చింది. సెలవుల్లో అటు కారులో వెళ్తే ఒక్కసారి రోడ్డు పక్కన చూడు, పీకిన మొదళ్లు కుప్పలుగా కనిపించవచ్చు.

ప్రశ్న: మీరు చదువుకున్నవారు. సారా వద్దని ఆడవాళ్లు రోడ్డెక్కిన నేల మనది. వైన్ ఆరోగ్యమనీ, రైతుకు మేలనీ చెప్పి మళ్లీ ఇళ్లల్లోకి తెస్తారా?
— ఒక గృహిణి, నెల్లూరు

అమ్మా, మీరు నెల్లూరు నుంచి రాశారు, నేను జాగ్రత్తగా మాట్లాడాలి. దూబగుంట మీ జిల్లాలోనిదే. 1992లో అక్కడ మొదలైన ఉద్యమానికే 1993లో సారా పోయింది, 1995లో మొత్తం మద్యమే నిషేధించారు, 1997లో ఆ నిషేధం ఎత్తేశారు. అప్పుడు నేను రాజేంద్రనగర్‌లో చదువుకుంటున్నాను. మా మేనమామ సారాతోనే పోయాడు. అత్తయ్య ఆ తర్వాత మా ఇంట్లోనే ఉండిపోయింది.

వైన్ ఆరోగ్యమని నేను ఎక్కడా రాయలేదు, రాయను. మద్యం ఎంత తక్కువ తాగినా క్షేమమైన మోతాదు అంటూ లేదని ప్రపంచ ఆరోగ్య సంస్థ 2023 జనవరిలో స్పష్టంగా చెప్పింది. గుండెకు మంచిదని సీసాలు అమ్మేవాళ్ల మాట నమ్మకండి. రైతుకు మేలు అన్న మాటలో సగం నిజముంది, మిగతా సగం పైన హిందూపురం తమ్ముడికి చెప్పాను. 2022 జనవరిలో సూపర్‌మార్కెట్లలో వైన్ అమ్మొచ్చని మహారాష్ట్ర మంత్రివర్గం నిర్ణయించినప్పుడు కూడా ప్రభుత్వం రైతు పేరే చెప్పింది. అన్నా హజారే నిరాహార దీక్ష చేస్తానన్నారు, నిర్ణయం అమలుకు రాలేదు. ఆ రోజు మా కంపెనీ వాళ్లు చాలా బాధపడ్డారు. నాకు అత్తయ్య గుర్తొచ్చి, ఎవరి పక్కన నిలబడాలో తెలియక ఊరుకున్నాను. ఆ ఉద్యోగం జీతంతోనే మా అమ్మాయి చదువుకుంది, అది కూడా దాచను.

ప్రశ్న: మా గోదావరి పుట్టిన చోటుకు, త్ర్యంబకం యాత్రకు వెళ్తున్నాం. అక్కడ ద్రాక్ష తోటలు చూడొచ్చా? ఏ నెల మంచిది?
— రాజమహేంద్రవరం నుంచి ఒక దంపతులు

నిక్షేపంగా చూడొచ్చు. ఫిబ్రవరిలో వెళ్లండి, తీగల మీద పండు ఉంటుంది. హైదరాబాద్ మీదుగా అయితే దేవగిరి ఎక్స్‌ప్రెస్ నాసిక్ రోడ్‌లో ఆగుతుంది. మీరు రాజమండ్రిలో చూసే అఖండ గోదావరి అక్కడ చిన్న పిల్ల కాలువ. దాని మీద కట్టిన గంగాపూర్ డ్యామ్ చుట్టూనే తోటలు.

అక్కడి రైతు “ఛాట్నీ అయ్యింది” అంటే పచ్చడి అనుకోకండి, నేను మొదటి రోజు అలాగే అనుకుని ఆకలి మీద సంతోషపడ్డాను. మరాఠీలో ఛాట్నీ అంటే తీగ కత్తిరింపు. ఫ్రాన్స్‌లో చలికి తీగ ఆకులు రాల్చి నిద్రపోతుంది. మన దక్కనులో దానికి నిద్ర లేదు, అందుకని ఏడాదికి రెండుసార్లు కత్తిరిస్తారు. ఏప్రిల్‌లో కోసేది ‘ఖరడ్ ఛాట్నీ’, అది కొమ్మ కోసం. అక్టోబరులో కోసేది ‘గోడీ ఛాట్నీ’, తీపి కోసం అన్నమాట, పంట దాని మీదే వస్తుంది. రెండు కత్తిరింపులకు కూలీ, ఒక్క పంటకు డబ్బు. మే నెలలో వెళ్తే తీగ మీద పండు ఉండదు, వెళ్లకండి.

సవరణ

కీసర నుంచి ఒక పెద్దమనిషి పోస్టుకార్డు రాశారు: “అనాబ్-ఇ-షాహీకి గింజ ఉండదని గత నెల రాశారు. మీ నాన్నగారి తోట పక్క తోట మాది. గింజలుంటాయి, రెండు మూడు. మరిచిపోయారా?”

ఉంటాయండీ. తప్పు నాదే, క్షమించండి. పద్దెనిమిదేళ్లు ద్రాక్ష కొన్నవాణ్ని, ఇలాంటి తప్పు రాయకూడదు. మొన్న మా అక్కకు ఫోన్ చేసి ఈ కార్డు చదివి వినిపించాను. అక్క నవ్వి చెప్పింది: పందిరి కింద కూర్చుని అమ్మ ఒక్కో పండును గోటితో చీల్చి, గింజలు తీసి నా నోట్లో పెట్టేదట. ఆ పందిరి మోసిన కడీల రాళ్లు మూడు ఇప్పటికీ మా పాత స్థలంలో, అపార్ట్‌మెంటు గేటు పక్కన పాతి ఉన్నాయని కూడా మీరు రాశారు. ఈ ఆదివారం వస్తాను, చూపించండి.